చదివే గొంతు, చెప్పే గొంతు: యాన్ హోఫర్ కెరీర్ చెప్పే లెక్క

2020 డిసెంబర్ 14. రాత్రి ఎనిమిదింపావు. జర్మనీలో డెబ్బై ఏళ్ల యాన్ హోఫర్ వార్తలు ముగించి, మెడలో టై విప్పి బల్ల మీద పెట్టారు. ఇంకేమీ జరగలేదు. అయినా మర్నాడు అదే వార్తయింది. 1985 నుంచి ప్రజా ప్రసార ఛానల్ ఏఆర్‌డీలో 'టాగెస్‌షౌ' బులెటిన్ చదువుతూ, 2004 నుంచి అక్కడ చీఫ్ రీడర్‌గా ఉన్న మనిషి ఆ బల్ల దగ్గర తన ఇష్టప్రకారం చేసిన పనులు వేళ్ల మీద లెక్కపెట్టొచ్చు. అందుకే ఆ టై అంత పెద్దదైంది.

వార్త చదివేవాళ్లకీ, చెప్పేవాళ్లకీ తేడా మనకి ఒకప్పుడు తెలుసు. 1983 నవంబర్ 14న హైదరాబాద్ దూరదర్శన్‌లో తొలి తెలుగు వార్తలు చదివిన శాంతి స్వరూప్‌ని న్యూస్ రీడర్ అనే పిలిచాం. 24 గంటల ఛానళ్లు వచ్చాక అందరూ యాంకర్లే అయ్యారు, రీడర్ అన్న మాటే పోయింది. జర్మన్లు ఆ రెండు మాటల్నీ నేటికీ కలపలేదు. టాగెస్‌షౌలో ఉండేది 'ష్ప్రెషర్', అంటే చదివేవాడు. అదే సంస్థ రాత్రి పదింపావుకి ఇచ్చే 'టాగెస్‌థేమెన్'లో ఉండేది 'మొడెరాటోర్', అంటే వార్తకి ముందొచ్చే లీడ్ తానే రాసుకుని, ఇంటర్వ్యూ చేసే జర్నలిస్టు. ఒకే భవనం, ఒకే డెస్కు, ఉద్యోగాలు మాత్రం రెండు.

ష్ప్రెషర్ పని బయటికి నల్లేరు మీద బండి నడకలా కనిపిస్తుంది. హాంబుర్గ్‌లోని డెస్కు వార్త రాస్తుంది, ఈయన చదువుతారు. వాతావరణంతో కలిపి పదిహేను నిమిషాలు. ఇందులో రిపోర్టర్ల కథనాలు సుమారు నిమిషంన్నరవి, వాటికి ముందు రెండు మూడు వాక్యాల పరిచయం చాలు. అసలు పరీక్ష మన డెస్కుల్లో 'ఏవీ' అనే రకం దగ్గర వస్తుంది: విజువల్స్ నడుస్తుంటే రీడర్ లైవ్‌లో గొంతు ఇవ్వాలి. పాతిక సెకన్ల దృశ్యమైతే మాట ఓ సెకను ముందే ఆగాలి. రెండు సెకన్లు సాగిందా, బెర్లిన్ పార్లమెంటు వార్త తోక టర్కీ భూకంపం దృశ్యాల మీద పడుతుంది. తొందరపడితే దృశ్యం మూగగా మిగులుతుంది. పాఠాన్ని కత్తిరించే అధికారం రీడర్‌కి లేదు కాబట్టి, ఊపిరి ఎక్కడ తీయాలన్నదొక్కటే ఆయన చేతిలో ఉండేది.

ఊపిరి మాట ఎందుకంటే, జర్మన్‌లో అనుబంధ వాక్యం మన తెలుగులాగే క్రియ దగ్గర ముగుస్తుంది. నలభై మాటల వాక్యంలో 'ఆమోదించింది', 'తిరస్కరించింది' అన్నవి చిట్టచివరే వస్తాయి. అప్పటికి గాలి అయిపోతే వార్తలో ప్రాణమున్న మాటే నోట్లో నలిగిపోతుంది. ఇంకో చిక్కు: మంత్రి చెప్పిన మాటని తిరిగి చెప్పేటప్పుడు క్రియ రూపమే మారుతుంది. 'ఇస్ట్' అంటే 'ఉంది'. 'జై' అంటే 'ఉందని ఆయన అంటున్నారు'. మన 'ఉందట'కి దగ్గర. కాకపోతే మన 'అట'లో చిన్న పెదవి విరుపు ఉంటుంది, 'జై'లో ఉండదు. నమ్మమనీ అనదు, నమ్మొద్దనీ అనదు. రీడర్ పొరపాటున 'జై'ని 'ఇస్ట్' అని చదివితే మంత్రి వాదన కాస్తా ఏఆర్‌డీ ధ్రువీకరించిన వాస్తవమై కూర్చుంటుంది. ఒక్క మాట తేడా. విదేశీ పేర్లకి ఫ్రాంక్‌ఫర్ట్‌లో ఉమ్మడి ఉచ్చారణ డేటాబేస్ ఉంది. ఈ క్రియల సంగతి మాత్రం రీడర్ నాలుకే చూసుకోవాలి.

ఈ పద్ధతికి వయసుంది. టాగెస్‌షౌ మొదలైంది 1952 డిసెంబర్ 26న. తెర మీద మనిషి కనిపించి చదవడం 1959 మార్చిలో కార్ల్ హైన్జ్ కోప్కేతో వచ్చింది. ఆయన 1974లో సెలవులయ్యాక మీసంతో కనిపిస్తే ప్రేక్షకులు గోల చేశారు. మీసం కూడా సొంత అభిప్రాయంలా తోచిందన్నమాట. 1976 జూన్ 16న అక్కడ తొలి మహిళా రీడర్‌గా కూర్చున్న డాగ్మర్ బెర్గ్‌హోఫ్ చదివింది జర్నలిజం కాదు, నటన. 1988లో బోరిస్ బెకర్ గెలిచిన 'డబ్ల్యూసీటీ' టెన్నిస్ టోర్నీని ఆమె 'డబ్ల్యూసీ టోర్నీ' అనేశారు, అంటే మరుగుదొడ్డి టోర్నీ. నవ్వు ఆపుకోలేకపోయారు. ఆ నవ్వుని జర్మన్లు ఇప్పటికీ ముద్దుగా తలుచుకుంటారు. తప్పుకి కాదు ఆ ముద్దు, గొంతు వెనకున్న మనిషి క్షణకాలం కనబడినందుకు.

హోఫర్‌కి అలాంటి క్షణం 2019 మార్చి 14న మరోలా వచ్చింది. బులెటిన్ చివరికొచ్చేసరికి మాట తడబడింది. ముగింపు దృశ్యంలో ఆయన రెండు చేతులూ బల్లకి ఆన్చి తల వంచుకుని నిలబడ్డారు. రోజూ చెప్పే వీడ్కోలు రాలేదు. వేసుకున్న మందు పడలేదని తర్వాత చెప్పారు. 'నాకు బాగోలేదు' అనే వాక్యానికి ఆ బులెటిన్‌లో చోటే లేదు. యాంకర్ అయితే రిపోర్టర్‌కి లైన్ ఇచ్చి పక్కకి తప్పుకునేవాడు. రీడర్ ముందున్నది కాగితం, కాగితం ఉన్నంతసేపూ చదవాలి. చదివారు కూడా. దాన్ని వృత్తినిష్ఠ అని మెచ్చుకున్నవాళ్లున్నారు. నాకు మాత్రం పద్ధతిలోని లోపంగానే కనిపిస్తుంది.

డబ్బు సంగతీ చూడాలి. దేశమంతా గుర్తుపట్టే ఈ రీడర్లు నెల జీతగాళ్లు కారు, డ్యూటీ లెక్కన తీసుకునే ఫ్రీలాన్సర్లు. చీఫ్ రీడర్ అదనపు పని ఆ డ్యూటీ చార్టు వేయడం. అందుకే బయట సభలు, వేడుకలు, టాక్ షోలు. హోఫర్ కూడా ప్రాంతీయ ఛానల్ ఎండీఆర్‌లో 'రివర్‌బోట్' టాక్ షోని ఏళ్ల తరబడి నడిపారు. వార్తల్లో సంపాదించిన ముఖాన్ని బయట అద్దెకిచ్చే ఈ అలవాటు ఒక్క రీడర్లదే కాదు. సభలు నడపడం వంటి పనులకి సుమారు 200 మంది జర్నలిస్టులకి ఐదేళ్లలో దాదాపు 15 లక్షల యూరోలు చెల్లించామని జర్మన్ ప్రభుత్వమే 2023లో పార్లమెంటుకి చెప్పింది.

2021 ఆగస్టు 16న హోఫర్ ప్రైవేటు ఛానల్ ఆర్‌టీఎల్‌లో 'ఆర్‌టీఎల్ డిరెక్ట్' మొదలుపెట్టారు. సమయం రాత్రి పదింపావు, సరిగ్గా టాగెస్‌థేమెన్‌కి ఎదురుగా. తొలి అతిథి గ్రీన్స్ పార్టీ ఛాన్సలర్ అభ్యర్థి అనలేనా బేర్‌బాక్. ఎన్నికలకి ఆరు వారాలే ఉంది. ఆర్‌టీఎల్ లెక్క సులువుగానే అర్థమవుతుంది: దేశం నమ్మే ముఖాన్ని కొంటే నమ్మకం వెంట వస్తుంది. ఆశించినంతగా రాలేదు. హోఫర్‌కి ఇంటర్వ్యూలు చేతకాక కాదు, రివర్‌బోట్ అనుభవం ఉండనే ఉంది. కానీ ముప్ఫై అయిదేళ్లు ప్రేక్షకులు నమ్మింది ఆయన చదివిన కాగితాన్ని. ఆ కాగితం హాంబుర్గ్‌లోనే ఉండిపోయింది. అదే ఏడాది టాగెస్‌థేమెన్ నుంచి ఆర్‌టీఎల్‌కి వచ్చిన పినార్ అటలాయ్‌కి ఈ ఇబ్బంది తక్కువ, ఆమె మొదటినుంచీ మొడెరాటోర్.

ఆర్‌టీఎల్‌కి ఈ సంగతి బయటివాళ్లు చెప్పనక్కర్లేదు. వాళ్ల సొంత మనిషి పీటర్ క్లోపెల్ వ్యవసాయ శాస్త్రం చదివి, ఆపై జర్నలిజం నేర్చుకుని, 1992 నుంచి సాయంత్రం వార్తలు నడిపారు. 2001 సెప్టెంబర్ 11న చేతిలో స్క్రిప్ట్ లేకుండా గంటల తరబడి తెర మీద ఉండి, దానికి జర్మన్ టీవీ రంగంలో ఇచ్చే గ్రిమ్మె పురస్కారం అందుకున్నారు. ఆయన మీద నమ్మకం ఆ గంటల్లో పుట్టింది. అది బదిలీ మీద వచ్చే సరుకు కాదు.

టాగెస్‌షౌలో హోఫర్ డ్యూటీ చార్టు యెన్స్ రీవా చేతికి వెళ్లింది. రీవా 1991 నుంచి అక్కడే చదువుతున్నారు. చీఫ్ అవ్వడానికి దాదాపు ముప్ఫై ఏళ్లు, అన్నీ డెస్కు రాసిన వాక్యాలతోనే.