గ్రూప్-1 ప్రశ్నలు సుమగారినే అడగనివ్వండి

హనుమకొండ స్టడీ హాళ్లలో గ్రూప్స్‌కు చదివీ చదివీ కళ్లద్దాల నంబరు పెంచుకున్న అభ్యర్థుల తరఫున ప్రభుత్వానికి ఒక విన్నపం. ఇకమీదట పోటీ పరీక్షలు పెట్టే పని యాంకర్ సుమ కనకాలగారికి అప్పగించాలి. నవ్వులాటకు చెప్పడం లేదు.

తెలంగాణలో 2022 అక్టోబరులో గ్రూప్-1 ప్రిలిమ్స్ పెట్టారు. పేపర్ లీకైందని 2023 మార్చిలో రద్దు. జూన్‌లో మళ్లీ పెడితే, బయోమెట్రిక్ తీసుకోలేదని సెప్టెంబరులో హైకోర్టు రద్దు చేసింది. 2024 జూన్‌లో ముచ్చటగా మూడోసారి. మరి టీవీలో 'స్టార్ మహిళ' షోలో సుమగారు ఏళ్ల తరబడి ప్రశ్నలడిగారు. పేపర్ లీకైందని ఎవరైనా కలెక్టరేట్ ముందు కూర్చున్నారా? బయోమెట్రిక్ అంటారా, పేరు, ఊరు, ఏం చేస్తుంటారు అని మొదలుపెట్టి అత్తగారి సంగతుల దాకా రాబడతారు. వేలిముద్ర ఇంతకన్నా ఏం చెబుతుంది?

ఇక సుమగారిదే మరో గేమ్ షో 'క్యాష్'. బెల్టు మీద ఫ్రిజ్ కదిలొస్తుండేది. ఈలోపు జవాబు తట్టకపోతే కింద పడి ముక్కలు. "గట్ల పలగ్గొట్టే బదులు మాకన్న ఇయ్యరాదు బిడ్డా" అని మా వాడకట్టు అవ్వలు టీవీతో కొట్లాడేవారు. కానీ అందులో ఒక ధర్మం ఉండేది. పోయింది పోయినట్టు, చప్పుడు చేసి మరీ చెప్పేవారు. ఇక్కడ ఏజ్ లిమిట్ దాటిపోతుంటే చప్పుడు కూడా రాదు. పైగా షోలో జవాబు అక్కడికక్కడే. ప్రిలిమినరీ కీ, అభ్యంతరాలు, ఫైనల్ కీ, కోర్టు కేసు అనే నాలుగు ఆప్షన్లు ఉండేవి కావు.

సుమగారు కేరళలోని పాలక్కాడ్‌లో పుట్టిన మనిషి, నాన్‌లోకల్ కదా అని ఎవరో లేస్తారు, తెలుసు. స్టడీ సర్టిఫికెట్ అడిగే ముందు ఆమె తెలుగు వినండి. లోకలే కావాలంటే నిజామాబాద్ నుంచి వెళ్లిన యాంకర్ శ్రీముఖి ఉన్నారు. 2019 బిగ్‌బాస్‌లో రన్నరప్. చివరి మెట్టు దాకా వచ్చి ఆగిపోవడమంటే ఏంటో మా స్టడీ హాళ్లలో ఎవరికీ విడమరిచి చెప్పక్కర్లేదు.

పెళ్లిళ్లకు పోవడం మానేసిన మా అభ్యర్థులది ఒక్కటే షరతు. సుమగారు పేరు అడగొచ్చు, ఊరు అడగొచ్చు, కావాలంటే రెండు స్టెప్పులు కూడా వేయించుకోవచ్చు. "మీరేం చేస్తుంటారు?" అని మాత్రం అడగొద్దు.