సాగు చేసినవాడికీ జైలే, మోసినవాడికీ జైలే

హైదరాబాద్ పబ్బులో రెండు గ్రాముల కొకైన్ దొరికితే టీవీల్లో రెండు రోజులు చర్చ. చిత్రకొండ ఘాట్ రోడ్డులో గంజాయి మూటతో ఓ కుర్రాడు దొరికితే జిల్లా పేజీలో నాలుగు లైన్లు. ఆ నాలుగు లైన్లలో ఉండేది ఒడిశాలోని మన మల్కనగిరి, కోరాపుట్, రాయగడ పిల్లలు. తెలుగూ ఒడియా రెండూ వచ్చు, దారులన్నీ తెలుసు, బైకు నడపడం వచ్చు. వ్యాపారికి కావలసింది సరిగ్గా అదే.

కొకైన్ పబ్బులతో వచ్చిందనుకునేవాళ్ళు చాలామంది. నూరేళ్ళ కిందటే కలకత్తా, బొంబాయిల్లో దాన్ని కిళ్ళీలో పెట్టుకుని తిన్నారు. కొకైన్ వచ్చేది కోకా ఆకు నుంచి. దక్షిణ అమెరికాలోని ఆండీస్ కొండల్లో ఆ ఆకు నమిలేవాళ్ళు కూడా సున్నమో బూడిదో కలుపుకుంటారు. అలాంటి క్షారం తగిలితే ఆకులోని కొకైన్ బుగ్గ లోపలి పొర గుండా తేలిగ్గా రక్తంలోకి వెళ్తుంది. మన కిళ్ళీలో సున్నం ఎటూ ఉంటుంది. కాకపోతే ఎండిన ఆకులో కొకైన్ నూటికి ఒక వంతుకు అటూ ఇటూ. 1860 ప్రాంతంలో జర్మనీలో ఆల్బర్ట్ నీమన్ దాన్ని ఆకు నుంచి విడదీశాక, తరతరాలుగా నమిలిన ఆకు ఒకటి, ఈ తెల్ల పొడి మరొకటి అయిపోయాయి.

1884లో కార్ల్ కోలర్ కొకైన్ చుక్కలతో కన్ను మొద్దుబారుతుందని చూపించాడు. రోగికి స్పృహ ఉండగానే కంటి ఆపరేషన్ చేయడం అక్కడి నుంచే మొదలు. మొద్దుబార్చే మందులకు దారి వేసింది కొకైనే. 1905లో ప్రొకైన్, 1940లలో లిడోకైన్ వచ్చాయి. బరంపురంలో పన్ను పీకించుకునేవాడికి ఇచ్చే ఇంజెక్షన్ లిడోకైనే. నరంలోకి సోడియం పోకుండా అడ్డుకుంటుంది కాబట్టి నొప్పి మెదడుకు చేరదు. కొకైన్ ఆ పనితోపాటు మెదడులో హుషారు కలిగించే డోపమైన్ అనే రసాయనం తిరిగి లోపలికి పోకుండా కూడా ఆపుతుంది. హుషారు అందుకే, వ్యసనమూ అందుకే. నోరాడ్రినలిన్‌ను కూడా అలాగే ఆపుతుంది కనుక రక్తనాళాలు బిగుసుకుంటాయి, గుండె వేగం పెరుగుతుంది. పాతికేళ్ళవాడికి గుండెపోటు రావడం ఇలాగే. దీనిమీద మద్యం కూడా తాగితే కాలేయంలో కొకాఇథిలీన్ అనే పదార్థం తయారవుతుంది. అది ఒంట్లో ఇంకా ఎక్కువసేపు ఉండి గుండెను ఇంకా దెబ్బతీస్తుంది.

ఎవరికైనా ఛాతీనొప్పి, ఒళ్ళు కాలిపోవడం, ఫిట్స్ కనిపిస్తే 108కి ఫోన్ చేయండి. పక్కకు తిప్పి పడుకోబెట్టండి, నోట్లో చెంచా పెట్టకండి, తడిబట్టతో ఒళ్ళు చల్లబరచండి. ఏం తీసుకున్నాడో డాక్టరుకు దాచకుండా చెప్పండి. మామూలుగా గుండె వేగం తగ్గించడానికి వాడే బీటా బ్లాకర్లు ఈ కేసులో ఎదురు తిరగొచ్చు. అందుకే ముందుగా మనిషిని శాంతపరిచే డయజెపాం జాతి మందులు ఇస్తారు. పరువు కోసం ఇక్కడ అబద్ధమాడితే ప్రాణం పోతుంది.

ఇక చట్టాల సంగతి. మత్తుమందుల మీద 1961లో కుదిరిన అంతర్జాతీయ ఒప్పందం కోకా ఆకు నమలడాన్ని పాతికేళ్ళలో మాన్పించాలంది. అదే ఒప్పందం గంజాయి మొక్క ఆకునూ విత్తనాన్నీ మాత్రం వదిలేసింది. మన భంగు బతికిపోయింది అలాగే. ఆకు నమిలే హక్కు కోసం బొలీవియా ఆ ఒప్పందం నుంచి బయటికి వచ్చి, ఆ ఒక్క షరతు మినహాయించుకుని 2013లో మళ్ళీ చేరాల్సి వచ్చింది. కొలంబియాలో కోకా తోటల మీద విమానాలతో కలుపుమందు చల్లారు, 2015లో ఆపారు. చల్లినచోట మానేసిన రైతు ఇంకాస్త లోపలి అడవికి వెళ్ళి మళ్ళీ నాటాడు. ఎందుకో మన మల్కనగిరిలోని బలిమెల జలాశయం చుట్టుపక్కల ఊళ్ళవాళ్ళకు విడమరిచి చెప్పనక్కర్లేదు. 2018లో గురుప్రియ వంతెన తెరిచేదాకా అక్కడివాళ్ళు సంతకు పోవాలంటే పడవే దిక్కు. అల్లం, పసుపు మోసుకెళ్తే దళారి చెప్పిందే ధర. గంజాయికైతే వ్యాపారి పెట్టుబడి ముందే ఇచ్చి, సరుకు ఇంటి దగ్గరే ఎత్తుకుపోతాడు. కాఫీ కాపుకు రావడానికి మూడు నాలుగేళ్ళు పడుతుంది, గంజాయి ఆరు నెలల్లో చేతికొస్తుంది. ఆ మూడేళ్ళు ఇల్లు గడిచే దారి చూపకుండా మొక్కలు నరికి ఫోటోలు దిగితే ఏమవుతుంది? పక్క కొండ మీద మళ్ళీ మొలుస్తుంది. నా కోపమంతా ఇక్కడే.

మన మత్తుమందుల చట్టం, ఎన్‌డీపీఎస్, చూసేది బరువు. ఎవరు ఎంత సంపాదించారన్నది కాదు. కొకైన్‌కు చిన్న పరిమాణం 2 గ్రాములు, కమర్షియల్ అంటే వ్యాపార పరిమాణం 100 గ్రాములు. గంజాయికి 1 కిలో, 20 కిలోలు. రెండు గ్రాముల లోపు కొకైన్‌తో దొరికితే గరిష్ఠంగా ఏడాది జైలు. కొన్ని వేల కూలికి 21 కిలోలు మోసినవాడికి కనీసం పదేళ్ళు, లక్ష రూపాయల జరిమానా. ఇరవై కిలోలు దాటిందంటే సెక్షన్ 37 అడ్డం వస్తుంది. నేరం చేయలేదని నమ్మే ఆధారం ఉందని, మళ్ళీ చేయడని జడ్జికి అనిపిస్తేనే బెయిలు. సరుకు ముట్టుకోలేదు, ముందు బైకు మీద దారి చూస్తూ పైలట్‌గా పోయానంతే అంటే కుదరదు. కుట్రలో భాగమని తేలితే సెక్షన్ 29 కింద అదే శిక్ష. పెరట్లో గంజాయి మొక్కలు పెంచినా పదేళ్ళ దాకా పడొచ్చు.

కుటుంబాలవాళ్ళు ఇవి తెలుసుకోవాలి. ఒంటిమీద తనిఖీ చేసేముందు గెజిటెడ్ అధికారి లేదా మేజిస్ట్రేట్ ముందు చేయించుకునే హక్కు ఉందని పోలీసులు చెప్పి తీరాలి, అది సెక్షన్ 50. సంచికి, బండికి అది వర్తించదు. చట్టం ప్రకారం గంజాయి అంటే పువ్వు, కాయ ఉన్న కొసలు. విడిగా ఉన్న ఆకులు, గింజలు లెక్కలోకి రావు. తూకం ఇరవై కిలోల దగ్గర తచ్చాడుతుంటే మూటలో ఏముందో, దేన్ని తూచారో పంచనామాలో వెతకమని లాయరుతో చెప్పండి. మేజిస్ట్రేట్ ముందు జాబితా, శాంపిల్ తీశారా అన్నది సెక్షన్ 52ఏ. కమర్షియల్ కేసులో ఛార్జిషీటుకు 180 రోజులు గడువు, కోర్టు పొడిగిస్తే ఏడాది దాకా. ఆ తేదీ క్యాలెండర్లో గుర్తు పెట్టుకోండి. గడువు దాటినా ఛార్జిషీటు వేయకపోతే, పొడిగింపు కూడా లేకపోతే, వెంటనే అడిగితేనే బెయిలు. ఛార్జిషీటు పడ్డాక అడిగితే ఆ హక్కు పోతుంది.

లాయరు కోసం పొలం అమ్మేముందు 15100కి ఫోన్ చేయండి. ఎస్సీ, ఎస్టీలకు, ఆడవాళ్ళకు, కస్టడీలో ఉన్న ఎవరికైనా లీగల్ సర్వీసెస్ నుంచి ఉచితంగా లాయరును ఇస్తారు. ఆంధ్రలో పట్టుబడితే కేసు అక్కడే నడుస్తుంది కాబట్టి అక్కడి జిల్లా కోర్టులోని లీగల్ సర్వీసెస్ ఆఫీసులో దరఖాస్తు పెట్టుకోవాలి. అరెస్టు మెమో, ఎఫ్‌ఐఆర్ నకలు, ఉంటే కుల ధ్రువపత్రం తీసుకెళ్ళండి.