‘ఆయ్’ అనే నోరు అరవదని ఎవరు చెప్పారు?

ఈ వారంలో ఈ ఫార్వర్డ్ మెసేజ్ అయిదోసారి రావడం. మొదట మా పదో తరగతి బ్యాచ్ గ్రూపులో వచ్చింది. తర్వాత ఎవరిదో పెళ్ళికని పెట్టి, పెళ్ళయ్యాక కూడా తీసెయ్యని గ్రూపులో వచ్చింది. నిన్న పొద్దున్న కాఫీ తాగుతుంటే మా బావ దగ్గర్నుంచి, గుర్రం మీద కాటన్ దొర బొమ్మతో సహా దిగింది. ‘గోదావరి రైతు ఎందుకు తిరగబడడు? ఏడు నిజాలు’ అని పేరు. అడుగున ‘గర్వంగా షేర్ చేయండి’ అని ఆజ్ఞ. ఫోన్ చేసి "ఇది చదివావా బావా?" అని అడిగాను. "చదవలేదురా, బాగుందని పంపాను" అన్నాడు. అక్క మొగుడు కాబట్టి ఆయన్ని ఏమీ అనలేను. ఆ కోపం ఇక్కడ తీర్చుకుంటున్నాను.

ఆ మెసేజ్ ఇంకా చేరని అదృష్టవంతుల కోసం ఆ ఏడు నిజాలూ ఇవి. ఆకలితో ఉన్నవాడే తిరగబడతాడు. ఆనకట్ట వచ్చాక గోదావరి రైతు కడుపు నిండింది. అందుకని ఇక్కడ ఎన్నడూ అలజడి లేదు. రంప పితూరీ, అంటే 1879లో గోదావరి కొండల్లో లేచిన తిరుగుబాటు, కొండ దొంగల పని, అందులో రైతన్నవాడు లేడు. రైతు పోరాటాలన్నీ రష్యా సరుకు. అన్నీ ఓడిపోయినవే. 2011లో కోనసీమ పంట విరామం పెద్ద రైతుల సరదా, దానివల్ల పోయింది కూలివాళ్ళ కడుపు. చివర్లో ‘ఆయ్ అనే నోటికి నినాదం రాదు’ అని ఒక ముక్తాయింపు.

రష్యా సరుకు సంగతి ముందు అవతల పడేద్దాం. తలపన్ను కట్టం పొమ్మని ఇంగ్లండు రైతులు లండన్ మీదికి నడిచింది 1381లో. జర్మనీ రైతులు తమ పన్నెండు కోరికల్ని అచ్చేయించి ఊరూరా పంచింది 1525లో. మార్క్స్ పుట్టింది 1818లో. ఇంతకుమించి ఈ పాయింటుకి నా టైము ఇవ్వను.

ఆకలి మాట మాత్రం వినడానికి నిజంలాగే ఉంటుంది. నేనూ చాలాకాలం అలాగే అనుకున్నాను. కానీ నిజంగా ఆకలి వచ్చినప్పుడు ఏం జరిగిందో చూడండి. నందన నామ సంవత్సరంలో, అంటే 1832-33లో వచ్చిన కరువుని మన పెద్దవాళ్ళు డొక్కల కరువు అనేవాళ్ళు. గుంటూరు సీమలో ఊళ్ళకి ఊళ్ళు ఖాళీ అయ్యాయి. జనం ముంతలు పట్టుకుని రోడ్ల వెంట నడిచారు, నడుస్తూనే పడిపోయారు. తిరగబడే ఓపిక ఎవరికుంది? డొక్క ఎండినవాడు నడుస్తాడు, అడుక్కుంటాడు, చచ్చిపోతాడు. తిరగబడేవాడు వేరే. నిన్నటిదాకా తనదిగా ఉన్నదాన్ని ఇవాళ ఎవడో కాగితం చూపించి లాక్కుంటుంటే చూస్తున్నవాడు.

1875లో పుణె దగ్గర సూపా అనే ఊరి సంతలో రైతులు షావుకార్ల మీద పడ్డారు. వాళ్ళకి ముఖ్యంగా కావలసింది బియ్యం బస్తాలు కాదు, అప్పు పత్రాలు. వాటిని వెతికి పట్టుకుని తగలబెట్టారు. అమెరికా అంతర్యుద్ధం రోజుల్లో పత్తికి ధర ఉందని పిలిచి అప్పులిచ్చినవాళ్ళే, ధర పడిపోయాక భూములు రాయించుకున్నారు మరి. బెంగాల్లో 1859లో నీలిమందు రైతులు చేసిందీ అదే తరహా. మా వరి చేలో మీ నీలి విత్తనం జల్లం, అంతే, అన్నారు. ఈ రెండు చోట్లా రైతులు ఆకలి లెక్క కాదు, అన్యాయం లెక్క వేశారు.

ఇక కాటన్ దొర. ఆయనతో నాకు పేచీ లేదు. మా ఊరి సెంటర్లోనూ విగ్రహం ఉంది, జయంతి రోజున దండ వెయ్యడానికి నేనూ వెళతాను. 1852లో ధవళేశ్వరం ఆనకట్ట పూర్తి కాకపోతే ఇవాళ నేను ఈ వ్యాసం రాసే బదులు ఇంకెక్కడో ఇంకేదో పని చేస్తూ ఉండేవాణ్ణి. అయితే కాలవలో నీళ్ళు ఊరికే రాలేదు, నీటి తీరువాతో కలిసి వచ్చాయి. నీళ్ళిచ్చిన సర్కారు, నీళ్ళవల్ల భూమి విలువ పెరిగింది కాబట్టి శిస్తూ పెరగాలంది. 1920ల చివర్లో కృష్ణా, గోదావరి డెల్టాలకి శిస్తు నూటికి పద్దెనిమిది ముప్పావు పెంచుతామన్నారు. అంటే రూపాయికి మూడణాలు. గుజరాత్‌లో బార్డోలీ రైతులు పెంచిన శిస్తు కట్టమని భీష్మించుకు కూర్చున్న రోజులవి. కడుపు నిండిన మన రైతులు ఏం చేశారు? ‘ఆయ్, అలాగేనండి’ అని మూడణాలు తీసి ఇచ్చారా? ఊరూరా సభలు పెట్టి రీసెటిల్‌మెంట్, అంటే శిస్తు తిరగరాయడం, వద్దని గోల చేశారు. అది సాగుతుండగానే 1930 నాటికి ధాన్యం ధర కుప్పకూలింది. 

జమీందారీ ఊళ్ళ బాధ వేరు. అక్కడ సర్కారు శిస్తుకి బదులు జమీందారు శిస్తు, పైన ఆయన దివాణం వసూళ్ళు. 1930ల చివర్లో నరసాపురం వైపు కాళీపట్నం జమీందారీ రైతులు సత్యాగ్రహానికి దిగారు. ఆ రోజుల్లోనే రెండు వేలమందికి పైగా రైతులు ఇచ్ఛాపురం నుంచి బయల్దేరి తొమ్మిది జిల్లాలు, 1,500 మైళ్ళు, 130 రోజులు నడిచారు. దారిలో పోగైన 1,100కి పైగా అర్జీల్ని 1938 మార్చి 27న మద్రాసు శాసనసభకి అందించారు. ఇచ్ఛాపురం నుంచి మద్రాసు నడవాలంటే గోదావరి దాటాలి కదండీ. అప్పుడు మనవాళ్ళంతా తలుపులేసుకుని పడుకున్నారంటారా?

ఇప్పుడు నాలుగో నిజం. మిగతావి చదివి నవ్వుకున్నాను. దీన్ని చదివి మాత్రం ఫోన్ పక్కన పెట్టేశాను.

‘రంప పితూరీ కొండ దొంగల పని’ అట. ముందు ఆ మాట చూడండి. పితూరీ చెప్పడమంటే మనకి పైవాడికి ఫిర్యాదు చెయ్యడం. అదే మాట తిరుగుబాటుకీ పేరయింది. రంప విషయంలో రెండు అర్థాలూ సరిపోతాయి, ఎందుకంటే ఫిర్యాదులు ఎవరూ వినకపోతేనే అక్కడ తుపాకీ లేచింది.

రంపకి మన్సబుదారు, అంటే జమీందారులాంటి పెత్తందారు, ఒకడుండేవాడు. ఇంగ్లీషువాళ్ళు నిలబెట్టిన మనిషి. కింద కొన్నేసి ఊళ్ళకి పెద్దలైన ముఠాదారులు, వాళ్ళ కింద పోడు కొట్టుకుని జొన్నా సామా పండించుకునే జనం. ముఠాదారులు ఇస్తామని ఒప్పుకున్నది కొంత, ఆయన పిండింది అంతకి ఎన్నో రెట్లు. ఇది చాలదని కల్లు మీద పడ్డాడు. వేసవిలో ఇంట్లో గింజలు అయిపోయాక కొండల్లో కడుపు నింపేది కల్లే. ఎండాకాలం జీలుగు చెట్టు కింద కుండ దించుతుంటే చుట్టూ పిల్లలతో సహా ఇల్లంతా నిలబడి ఉంటుంది. అది తాగుడు కాదు, పూట గడవడం. తన చెట్టు, తన కత్తి, తన కుండ. దాని మీద చిగురుపన్ను. ఆపైన సర్కారు అబ్కారీ చట్టం వచ్చి, కల్లు హక్కు పాటదారులదైంది. ఇంట్లోవాళ్ళ కోసం తన చెట్టు తాను గీసుకున్నా నేరమే.

ఇంకోటి ఉంది, మా గ్రూపులో వాళ్ళు ఇది రెండుసార్లు చదవాలని నా కోరిక. కింది ఊళ్ళ నుంచి కొండెక్కిన వ్యాపారులు అప్పులిచ్చారు. అప్పు తీరలేదని కింద కోర్టులో దావా వేసేవాళ్ళు. కొండమీద ఉన్నవాడికి దావా సంగతే తెలియదు, తెలిసినా అన్ని మైళ్ళు దిగి రాలేడు. ఎక్స్‌పార్టీ డిక్రీ, అంటే రానివాడి మీద ఏకపక్షంగా తీర్పు. అయిదు రూపాయల బాకీకి వంద రూపాయలు చేసే పశువుల్ని తోలుకుపోయిన సంగతులు సర్కారువారి సొంత పుస్తకాల్లోనే ఉన్నాయి. ఆ డిక్రీ పట్టుకుని వెళ్ళింది ఎవరు? లండన్ నుంచి ఎవరూ రాలేదు. కింది ఊళ్ళవాళ్ళు. అంటే మనవైపు వాళ్ళే. దొంగలు అనే మాట ఎటువైపు వాడాలో కాస్త ఆలోచించి షేర్ చేసి ఉంటే బాగుండేది.

1879 మార్చిలో చోడవరం దగ్గర కొండజనం పోలీసుల్ని పట్టుకోవడంతో పితూరీ మొదలైంది. కారం తమ్మన్నదొర, అంబుల్ రెడ్డి, ద్వారబంధాల చంద్రయ్య పేర్లు సర్కారుకి నిద్ర లేకుండా చేశాయి. కొన్ని నెలల్లో అది భద్రాచలం వైపు రేకపల్లికి పాకింది. అక్కడివాళ్ళ కోపం చిగురుపన్ను మీద కాదు. వాళ్ళ సీమ కొత్తగా మద్రాసు కిందికి వచ్చాక పోడు పన్ను మూడింతలైంది. పోడు పన్ను పెంచితే తిరగబడినవాడు రైతు కాకపోతే ఎవడు? గొడ్డలితో చదును చేసి చేత్తో విత్తనం జల్లేవాడికి కాలవ కింద చేను లేదు కాబట్టి రైతు అనే పేరు ఇవ్వం అంటారా? అలాగైతే ఆ సర్టిఫికెట్ ఏ లాకుల దగ్గర ఇస్తారో చెప్పండి, వెళ్ళి తెచ్చుకుంటారు.

నలభై ఏళ్ళ తర్వాత ఆ కొండల్లోనే మళ్ళీ. 1882 అటవీ చట్టంతో పోడు నేరమైంది. రోడ్డు వెయ్యడానికి గూడెం డిప్యూటీ తాసీల్దారు బాస్టియన్ కొండజనం చేత వెట్టి చేయించాడు. 1922 ఆగస్టు 22న చింతపల్లి, మర్నాడు కృష్ణదేవిపేట, ఆ మర్నాడు రాజవొమ్మంగి పోలీసు స్టేషన్ల మీద అల్లూరి సీతారామరాజు దండు పడింది. ఆ నాయకుడు మనకి బాగా ఇష్టం. ఆయనవాళ్ళ సొంతూరు మోగల్లు మన భీమవరం పక్కనే కదా! ప్రతి జులై 4న మా గ్రూపులో స్టేటస్‌లన్నిటా విల్లు పట్టుకున్న సీతారామరాజు గారే. ఆయన వెనక నడిచిన గాం గంటందొర, మల్లుదొర, వాళ్ళ తాతలు మాత్రం ఈ మెసేజ్‌లో కొండ దొంగలు. జులైలో దణ్ణం, ఆగస్టులో దొంగ. మన భక్తికి వారంటీ నెల రోజులేనన్నమాట.

అన్నీ ఓడిపోయాయన్నది సగం నిజం. జర్మనీ రైతుల్ని వేలకి వేలు నరికేశారు. చంద్రయ్యని 1880లో చంపేశారు, చాలామందిని అండమాన్ పంపేశారు. కానీ రంపలో మన్సబుదారు పోయాడు, చిగురుపన్ను పోయింది, ముఠాదారులకి నేరుగా సర్కారు నుంచి సనదులు, అంటే హక్కు పత్రాలు, వచ్చాయి. పుణె వైపు గొడవ తర్వాత రైతుల భూమికి కొంత రక్షణగా 1879లో చట్టం వచ్చింది. ఇక్కడ జమీందారీలు 1948 చట్టంతో పోయాయి. ఢిల్లీ పొలిమేరల్లో రైతులు ఏడాది కూర్చున్నాక 2021లో మూడు సాగు చట్టాలు వెనక్కి వెళ్ళాయి. తిరగబడినవాడు చచ్చిపోతాడు, అడిగింది తర్వాత వస్తుంది, అది కూడా సగం. దాన్ని ఓటమి అనుకుంటే అనుకోండి, అబద్ధం మాత్రం చెప్పకండి.

మిగిలింది ఏడోది. దీన్ని ఉతికి ఆరేద్దామనే కూర్చున్నాను.

2011 సార్వాకి, అంటే తొలకరి వరికి, కోనసీమలో లక్ష ఎకరాలకి దగ్గరగా నాటు వెయ్యలేదు. మా నాలుగెకరాలూ అందులోవే. కారణాలు సరదావి కావు. ఆ ఏడు సాధారణ రకం ధాన్యానికి మద్దతు ధర క్వింటాలుకి 1,080. అంటే డెబ్భై అయిదు కిలోల బస్తాకి 810. అది కూడా కాగితం మీద. అంతకుముందు దాళ్వా (రబీ) పంటని మేం అమ్మిన మిల్లులో తేమ ఉందని కొంత, తాలు ఉందని కొంత, గోనె సంచులు లేవని కొంత కోసి చేతిలో పెట్టింది చూసి మా నాన్న లెక్కపెట్టకుండానే జేబులో వేసుకున్నాడు. మురుగు కాలవలు పూడిపోయి, సార్వాలో నాలుగు రోజులు వాన పడితే చేను చెరువే. పండిస్తే నష్టం, పండించకపోతే తక్కువ నష్టం. ఇందులో పెద్ద రైతు సరదా ఎక్కడుంది? ఎందుకిలా జరిగిందో చూడమని సర్కారు మోహన్ కందా కమిటీని వేసింది కూడా ఇది సరదా అనుకుని కాదు.

ఇంతవరకూ రాసి ఆగాను. కూలివాళ్ళ కడుపు అన్న మాట దగ్గర.

ఆ ఏడు ఊడ్పుల రోజుల్లో మా గట్టు మీదికి ఒకావిడ వచ్చింది. ఏటా మా చేలో నాటు వేసే ముఠాకి పెద్ద. నీళ్ళు లేని బోదెలో కాళ్ళు పెట్టుకుని కూర్చుంది. "ఈ యేడు లేదంట కదండీ?" అంది. పంట విరామం ఎందుకో నేను ధరలూ మిల్లులూ అన్నీ వివరంగా చెప్పాను. అప్పటికి ఆ లెక్కలు నాకు కంఠతా వచ్చేశాయి. మొత్తం విని, "అయితే మీకు సెలవు. మరి మాకు ఏంటండీ?" అని అడిగింది.

అప్పుడు మా దగ్గర జవాబు లేదు, ఇప్పుడూ లేదు. మా డిమాండ్లు రాసుకున్న కాగితంలో మద్దతు ధర ఉంది, మురుగు కాలవలున్నాయి, గోనె సంచులు కూడా ఉన్నాయి. ఊడ్పుల కూలి లేదు. కౌలు చేసేవాడి పేరూ లేదు. కాగితం రాసినవాళ్ళలో నేనూ ఒకణ్ణి. కొండమీద డిక్రీ పట్టుకెళ్ళినవాళ్ళని పైన అన్ని మాటలన్నాను కాబట్టి ఇదీ చెప్పాలి. బావా, ఆ ఏడో పాయింట్‌లో రెండో సగం నిజమే.

ఆవిడ ఆ వారమే గోదావరి అవతలికి ఊడ్పులకి వెళ్ళిపోయింది. తెల్లారకముందే సెంటర్లో ఆటో ఎక్కారు, కాటన్ దొర విగ్రహం పక్కనే. ఒక్క ఆటోలో పదకొండు మంది.