మంచు పడేదాకా ఆగండి

డాలియా పూలమొక్కల పెంపకం పుస్తకాలు దాదాపు అన్నీ ఒకే ఆజ్ఞ జారీ చేస్తాయి: తొలి మంచుకు, అంటే నీరు గడ్డకట్టే చలికి, ఆకులు నల్లబడ్డాక దుంపలు తవ్వి దాచండి. చలికాలమంటే ఫ్యాను స్పీడు ఒక పాయింటు తగ్గించుకోవడమే అయిన ప్రాంతాల్లోనూ దీన్ని తు.చ. తప్పకుండా పాటించాలని నా దృఢమైన అభిప్రాయం. మంచు పడకపోతే ఆ లోపం వాతావరణానిది. అచ్చయిన పుస్తకాన్ని ప్రశ్నిస్తామా?

మొక్కకు మాత్రం బొత్తిగా క్రమశిక్షణ లేదు. అది పుట్టింది మెక్సికో, మధ్య అమెరికా కొండల్లో. వానలకు పెరగడం, పొడి కాలంలో దుంపలోకి ముడుచుకుని పడుకోవడం దాని అలవాటు. పగటి నిడివి 12 గంటలకన్నా తగ్గితే దుంప ఊరడం జోరందుకుంటుంది, మంచుతో పనేమీ లేదు. 1791లో మాడ్రిడ్‌లో స్పెయిన్ వృక్షశాస్త్రజ్ఞుడు కవానియెస్ దానికి స్వీడన్ వృక్షశాస్త్రజ్ఞుడు ఆండర్స్ డాల్ పేరు పెట్టాడు. పేరు చలిదేశపుదైనప్పుడు బుద్ధి కూడా అలాగే ఉండాలి కదా! 1963లో మెక్సికో దాన్ని జాతీయ పుష్పంగా ప్రకటించుకుంది. అయినా మన నిష్ఠ సడలలేదు.

"మంచు భయం తీరాక, వసంతంలో నాటండి" అన్నది రెండో ఆజ్ఞ. నాటాం. సరిగ్గా మండుటెండల్లో మొగ్గ తొడిగింది. రాత్రిళ్లు కూడా ఉక్కపోస్తుంటే పువ్వు చిన్నబోయి, నడుమ పసుపు బొడ్డు బయటపెట్టుకుని నిలబడింది. ఆకుల అడుగున ఎర్రనల్లి కాపురం పెట్టింది. పూత చల్లటి నెలల్లో వచ్చేలా నాటుకోవచ్చని, మిట్టమధ్యాహ్నం కాస్త నీడ పట్టవచ్చని, పళ్లెమంత పూలకు ఆశపడకుండా చిన్న పూల రకాలు ఎంచుకోవచ్చని కొందరంటారు. పుస్తకంలో "రోజంతా ఎండ" అని స్పష్టంగా ఉండగా ఈ సొంత తెలివి ఎందుకో!

ఇక రాని మంచు కోసం చూసి చూసి, దుంపల్ని తవ్వి ఫ్రిజ్‌లో పెట్టే భక్తులున్నారు. విప్పి పెడితే వడిలి ముడతలు పడతాయి, సంచిలో బిగిస్తే బూజు పడతాయి. కాడ మొదట్లో కన్ను లేని దుంపనైతే ఎన్నాళ్లు కాపాడినా మొలవదు. నేలలోనే ఉన్న దుంపను చంపేది చలి కాదు, నిలిచిన నీరు. మడి ఎత్తు చేసి, ఆకులు పండాక నీళ్లు ఆపేస్తే సరిపోతుందట. ఇంత తేలికైన పద్ధతిని నేను సమర్థించలేను.

పక్కింటివాళ్లు తవ్వడం మరిచిపోయిన దుంప మళ్లీ మొలిచి పూసిందని నా దృష్టికి తెచ్చారు. నిబంధనలకు విరుద్ధంగా పూసింది కనుక దాన్ని లెక్కలోకి తీసుకోవడం లేదు.