చేలో ఫ్లెక్సీ, సినిమాలో పాట

2018లో నెల్లూరు జిల్లా రైతు ఒకాయన తన కూరగాయల పంటకి దిష్టి తగులుతోందని చేలో సన్నీ లియోన్ ఫ్లెక్సీ కట్టించాడు, గుర్తుందా? దాని మీద "ఒరేయ్, నన్ను చూసి ఏడవకురా" అని రాయించాడు కూడా. దారినపోయేవాళ్ల కళ్లు బొమ్మ మీదికి పోతే పంట మీద పడవని ఆయన లెక్క. అప్పుడు పడీపడీ నవ్వుకుని షేర్ చేసినవాళ్లలో నేనూ ఉన్నాను. కానీ మన సినిమావాళ్లు చేస్తున్నదీ అదేగా!

"అడల్ట్ సినిమాలొచ్చి మన సంస్కృతిని నాశనం చేశాయి" అని ఎవరైనా క్లాసు పీకితే నాకు చిర్రెత్తుకొస్తుంది. ఒకప్పుడు అడల్ట్ సినిమాల్లో నటించిన సన్నీ లియోన్ ఏమీ పిలవని పేరంటానికి రాలేదు. 2011లో హిందీ బిగ్ బాస్ పిలిచింది, ఆ హౌస్‌లో ఉండగానే మహేశ్ భట్ స్వయంగా వెళ్లి సినిమా ఇస్తానన్నాడు. 2014లో మన 'కరెంట్ తీగ'లో టీచరమ్మ. 2017లో 'గరుడవేగ'లో ఒక పాట... బాగా తీసిన థ్రిల్లర్, ఆ పాట లేకపోయినా ఒక్క సీనూ ఆగేది కాదు, అయినా రిలీజ్‌కి ముందు ఊదరగొట్టింది మాత్రం ఆ పాటనే. వీళ్లు డబ్బిచ్చి కొన్నది ఆమె నటనని కాదు, రాత్రిపూట ఫోన్లో ఆ పేరు టైప్ చేసే మన అలవాటుని.

సిగ్గు మాత్రం ఆమె ఒక్కతే పడాలి! 2016లో ఒక ఇంగ్లిష్ ఛానెల్ ఇంటర్వ్యూలో ఆమె గతాన్నే తిప్పితిప్పి అడిగారు, ఆమిర్ ఖాన్ మీతో నటిస్తాడా అని కూడా. నటిస్తానని ఆయనే ట్వీట్ చేశాడనుకోండి. 2017 ఆగస్టులో ఆమె షాపు ఓపెనింగ్‌కి వస్తే కొచ్చిలో రోడ్డు కనపడనంత జనం. అదే ఏడాది చివర్లో ఆమె వస్తే సంస్కృతి మంటగలుస్తుందని బెంగళూరులో గొడవ చేసి న్యూ ఇయర్ ప్రోగ్రామ్ ఆపించారు.

నెల్లూరు రైతే నయం, ఫ్లెక్సీ ఎందుకయ్యా అంటే పంట కోసమని చెప్పాడు.

ఇదేం కొత్త కాదులెండి. 2000 తర్వాత షకీలా నటించిన మలయాళం అడల్ట్ సినిమాల డబ్బింగ్‌లు మా ఊరి టాకీసులో మార్నింగ్ షో పడేవి. షో వదిలాక మొహానికి రుమాలు అడ్డం పెట్టుకుని సందు గేటులోంచి జారుకునే పెద్దమనుషుల్ని కిళ్లీకొట్టు పక్కన నిలబడి చూసేవాళ్లం. తర్వాత మామూలు తెలుగు సినిమాల కామెడీ సీన్లలో ఆవిడ కనపడితే అదే టాకీసులో, ఆ పెద్దమనుషులే, పెళ్లాం పిల్లల పక్కన కూర్చుని ఇకిలించేవాళ్లు.