బొమ్మ లేకపోతే పాట వినబడదా?

మీడియా ప్లేయర్లు తయారుచేసే మహానుభావులందరికీ ఒకటే భయం, పాట పక్కన ఉండే ఆ చిన్న చదరం ఖాళీగా ఉండకూడదు. ఖాళీగా కనబడితే ప్రళయం వచ్చేస్తుందేమో మరి, ఏదో ఒక బొమ్మ తెచ్చి అతికించేదాకా ఊరుకోరు. అది ఆ పాట బొమ్మేనా, అసలు అది పాటేనా, ఆఫీస్ మీటింగ్ రికార్డింగా, డాక్టర్ గారు మందులు ఎలా వేసుకోవాలో చెప్పిన ఆడియోనా, వాళ్లకి అనవసరం. నా దగ్గరున్న ఒక ప్లేయర్ (పేరు చెప్పను, చెప్తే దానికీ ఓ బొమ్మ వెతుకుతుంది) మీటింగ్ రికార్డింగ్ పెట్టగానే ఎర్రకోటు వేసుకుని వర్షంలో గెంతుతున్న హీరోని చూపిస్తుంది. కింద బాస్ గారు సీరియస్‌గా బడ్జెట్ కోత గురించి మాట్లాడుతుంటారు, పైన ఈయన గెంతుతూనే ఉంటాడు.

లోపల ఏం జరుగుతుందో నాకు కళ్లకి కట్టినట్టు కనిపిస్తుంది. కౌంటర్ వెనకాల ఓ గుమాస్తా.

"పేరు?"

"రికార్డింగ్ నాలుగు అండీ."

"పాడినవాళ్లు?"

"ఎవరూ పాడలేదండీ, మాట్లాడుకున్నారు."

"అన్‌నోన్ ఆర్టిస్ట్. ఆల్బమ్?"

"లేదండీ."

"లేకపోవడమేంటి! ఏ ఫోల్డర్‌లో ఉంటున్నావ్?"

"డౌన్‌లోడ్‌లో."

"అయితే నీ ఆల్బమ్ పేరు డౌన్‌లోడ్. ఆ ఇంట్లో ఎవరికైనా ఫోటో ఉందా?"

"ఓ రింగ్‌టోన్‌కి ఉందండీ, కుక్కపిల్లది."

"సరిపోయింది, ఇకమీదట మీ అందరి మొహం అదే. నెక్స్ట్!"

"అయ్యా, ఆ రింగ్‌టోన్‌కీ నాకూ ఏ సంబంధమూ లేదండీ."

"ఇంటిపేరు ఒకటే కదా, అన్నదమ్ములే. నెక్స్ట్!"

చరిత్ర పాఠం వస్తుంది, కుక్కపిల్ల. సంతాపసభ ప్రసంగం వస్తుంది, కుక్కపిల్ల. చివరికి ఎవరో ధైర్యం చేసి, అయ్యా ఆ రింగ్‌టోన్‌ని ఓనర్ గారు డిలీట్ చేసేశారండీ అంటే, గుమాస్తా కళ్లజోడు పైనుంచి చూసి, "రింగ్‌టోన్ పోతే పోయింది, ఫోటో రిజిస్టర్‌లో ఎక్కేసింది" అంటాడు.

నేను కల్పించింది గుమాస్తాని మాత్రమే. ట్యాగ్‌లో (ఫైల్ లోపల పాట వివరాలు రాసి ఉండే చీటీలో) ఆల్బమ్ పేరు లేకపోతే ఫోల్డర్ పేరునే ఆల్బమ్‌గా రాసేసుకోవడం ఆండ్రాయిడ్‌లో నిజంగా జరిగే పనే.

ఇంక దీనికి పరిష్కారం అడిగితే అందరూ చెప్పేది ఒకటే, "కాష్ క్లియర్ చెయ్యండి". కాష్ అంటే మళ్లీ త్వరగా చూపించడానికి ప్లేయర్ దాచిపెట్టుకునే నకళ్ల మూట. ఏ కాష్ బాబూ? ఆ బొమ్మ ఎంపీత్రీ ఫైల్ కడుపులోనే ఉండొచ్చు, అప్పుడు ఎన్ని కాష్‌లు తుడిచినా లాభం లేదు, ఎంపీత్రీట్యాగ్ లాంటి ట్యాగులు దిద్దే ప్రోగ్రామ్ పెట్టుకుని ఫైల్‌లోంచి కవర్ పీకేయాలి. లేదా ఫైల్ పక్కనే నక్కి ఉండొచ్చు. పాత విండోస్ మీడియా ప్లేయర్‌కి ఇది బాగా అలవాటు, నెట్‌లోంచి కవర్ తెచ్చి ఫోల్డర్ డాట్ జేపీజీ అనీ, ఆల్బమ్‌ఆర్ట్‌స్మాల్ డాట్ జేపీజీ అనీ పాటల ఫోల్డర్‌లోనే పడేసి, వాటికి హిడెన్ అని ఒక ముసుగు, చాలదన్నట్టు సిస్టమ్ ఫైల్ అని ఇంకో ముసుగు వేస్తుంది. ఓ కవర్ బొమ్మకి సిస్టమ్ ఫైల్ హోదా! హిడెన్ ఫైల్స్ చూపించు అంటే కనబడవు, ప్రొటెక్టెడ్ ఆపరేటింగ్ సిస్టమ్ ఫైల్స్‌ని దాచు అన్న టిక్ కూడా తీస్తేనే బయటికొస్తాయి, అది తీయబోతే విండోస్ ఏదో ఘోరం జరిగిపోతున్నట్టు హెచ్చరిక ఒకటి.

ఈ రెండు చోట్లా లేకపోతే ప్లేయర్ సొంత గోడౌన్‌లో ఉంటుంది. వీఎల్‌సీ అనే ప్లేయర్‌కైతే విండోస్‌లో యాప్‌డేటా అనే దాచిన ఫోల్డర్‌లో దాని ఫోల్డర్ కింద ఆర్ట్ అని ఇంకోటి. కోడీ అనే ఇంకో ప్లేయర్‌కి థంబ్‌నెయిల్స్ అని ఒక ఫోల్డర్, ఏ బొమ్మ ఎక్కడ పెట్టిందో రాసుకోడానికి టెక్స్చర్స్13 డాట్ డీబీ అని విడిగా ఖాతా పుస్తకం, మొత్తం కడిగేయాలంటే కోడీని మూసేసి రెండూ తీసెయ్యాలి. ఇవన్నీ చేసి నెట్ నుంచి వివరాలు తెచ్చుకోమనే ఆప్షన్ ఆపడం మర్చిపోతే శ్రమంతా వృథా, పాట మళ్లీ పెట్టగానే అదే బొమ్మ కొత్తగా దిగుతుంది. అన్‌ఇన్‌స్టాల్ చేసి మళ్లీ వేసుకోండి అనే పండితులు వేరే, చాలా ప్లేయర్లు పోతూ పోతూ యూజర్ ఫోల్డర్‌లో కాష్‌ని భద్రంగా వదిలేసి పోతాయని వాళ్లకి ఎవరు చెప్పాలి?

ఫోన్‌లో ఇంకో వినోదం. పాటల కవర్లన్నీ గ్యాలరీలోకి ఎక్కి సొంత ఫోటోల మధ్య కూర్చుంటాయి. డాట్ నోమీడియా అని ఓ ఖాళీ ఫైల్ ఆ ఫోల్డర్‌లో పెడితే పోతాయంటారు, నిజమే, పోతాయి, వాటితో పాటు పాటలు కూడా చాలా ప్లేయర్లలోంచి మాయమైపోతాయి. ఫోల్డర్‌లో ఉన్న మీడియా ఏదీ చూడొద్దు అని దాని అర్థం మరి.

అసలు ఈ బొమ్మల పిచ్చి ఎంత పాతదో చూడండి. ఎంపీత్రీ ఫైళ్లలో ఈ వివరాలు రాసే పద్ధతి పేరు ఐడీత్రీ. 1996లో వచ్చిన దాని మొదటి ట్యాగ్ ఫైల్ చివర మొత్తం 128 బైట్లు, పాట పేరు, పాడినవాళ్ల పేరు, ఆల్బమ్, సంవత్సరం, ఓ చిన్న వ్యాఖ్య, పాట రకం, అంతే, బొమ్మకి చోటే లేదు. 1998లో రెండో వెర్షన్ వచ్చింది, బొమ్మలొచ్చాయి, ఒకటీ రెండూ కాదు, సున్నా నుంచి 20 దాకా నంబర్లేసి 21 రకాలు. ముందు కవర్, వెనక కవర్, పాట రాసినవాళ్లు, రికార్డింగ్ జరిగిన చోటు... సరే బానే ఉంది. 17వ నంబర్ ఏంటో తెలుసా? మెరిసే రంగుల చేప. నిజంగా స్టాండర్డ్‌లో ఉంది, కావాలంటే వెతుక్కోండి. చేపకి నంబర్ ఇచ్చారు గానీ, దీనికి బొమ్మ లేదు, కావాలనే పెట్టలేదు, దయచేసి వెతకొద్దు అని చెప్పడానికి మాత్రం నంబర్ లేదు.

ఇక్కడిదాకా నవ్వుకున్నాం, సరే. కానీ ఇదే రోగం వీడియోలకీ ఫోటోలకీ ఉంది, అక్కడ నాకు నవ్వు రాదు. విస్టా అనే వెర్షన్ నుంచి విండోస్ థంబ్‌నెయిల్స్ (ఫైల్‌కి గుర్తుగా చూపించే చిన్న బొమ్మలు) అన్నీ యూజర్ ఫోల్డర్‌లో ఒకేచోట డేటాబేస్‌లో దాచుకుంటుంది, అసలు ఫైల్ డిలీట్ చేసినా, రీసైకిల్ బిన్ ఖాళీ చేసినా, ఆ చిన్న బొమ్మ అందులో మిగిలిపోవచ్చు. నేరాలు పరిశోధించేవాళ్లు ఏనాడో పోయిన ఫోటోల ఆనవాళ్లు అక్కడే వెతుక్కుంటారు. పోలీసులకి పనికొస్తుందిలే అనకండి. ఒక మనిషి తన ఫోటో తీసేశాడంటే దానికి కారణం ఉంటుంది, ఆ కారణం మీకెందుకు చెప్పాలి? ఇంట్లో ఎవరి కంట పడకూడదని భయపడి ఓ అమ్మాయి వీడియో డిలీట్ చేస్తే, ఆ కంప్యూటర్ రేపు ఆ మనిషి చేతికే వెళ్తే, స్పీడ్‌గా లోడ్ అవ్వాలని దాచామండీ అంటారా? ఎవడిక్కావాలి మీ అర సెకను? మా మొహాలు మాకు చెప్పకుండా దాచుకోడానికి మీరెవరు? డిలీట్ నొక్కితే పోవాలి, ఫైలూ పోవాలి, దాని నీడా పోవాలి, ఇందులో మీకు అర్థం కానిది ఏముంది?

అడిగేది పెద్ద కోరికేం కాదు. బొమ్మ లేకపోతే లేనట్టే చూపించు అని ఒక్క సెట్టింగ్, అదీ ఎక్కడో అడుగున కాదు, మొదటి పేజీలో, ముందే టిక్ పెట్టి. అబ్బే, చదరం ఖాళీగా ఉంటే మాకు నిద్ర పట్టదండీ అంటారా, అయితే ఆ 17వ నంబర్ చేపని పెట్టుకోండి, అందరికీ అదే చేప, మీటింగ్‌కీ చేప, పాఠానికీ చేప, ఆ ఎర్రకోటు ఆయన్ని మాత్రం ఇంటికి పంపెయ్యండి, పాపం ఇంకా తడుస్తూనే ఉన్నాడు.