మా నాయన బేలుకు నో బిడ్, నా ఫోనుకు డివిడెండు

సిగరెట్ల నుంచి గోధుమ పిండి దాకా అమ్మే ఐటీసీ కంపెనీ 2024-25 లెక్కలు వచ్చిన రోజు నా ఫోన్లో ఉన్న గ్రూపులన్నీ పండగ చేసుకున్నాయి. రాబడి 73 వేల కోట్లు దాటిందట, హోటళ్ల విభజన లెక్క పక్కన పెట్టినా లాభం 20 వేల కోట్ల దరిదాపుల్లో ఉందట. నేనూ ఆ మెసేజీని నలుగురికి పంపినవాడినే. ఉద్యోగంలో చేరిన కొత్తలో కొన్న 120 షేర్లు నా దగ్గర ఉన్నాయి, అందుకని ఈ పోస్టు చదివి నన్ను కంపెనీ వ్యతిరేకి అనుకోకండి.

మాది ప్రకాశం జిల్లాలో కొండపి వైపు ఒక పల్లె. ఇంట్లో పొగాకు తప్ప ఇంకోటి తెలియదు. మా తాత అయితే ఏనాడూ ఐటీసీ అనలేదు, ఆయనకు అది ఐఎల్‌టీడీయే, చీరాల ఐఎల్‌టీడీ, అంటే ఆ కంపెనీలో పొగాకు ఆకు చూసే విభాగం. కంపెనీ పేరు 1910లో ఇంపీరియల్ టొబాకో, 1970లో ఇండియా టొబాకో, 1974లో ఐ.టి.సి. అని పొడి అక్షరాలు, 2001లో ఆ అక్షరాల మధ్య చుక్కలు కూడా తీసేశారు. పేరులోంచి పొగాకు పోయి యాభై ఏళ్లు దాటింది, మా తాత నోట్లోంచి మాత్రం పోలేదు.

ఆ ఏడాది ఐటీసీ వాళ్లు చేసిన పనులు చూస్తే మెచ్చుకోకుండా ఉండలేం. 2025 జనవరిలో హోటళ్లను వేరే కంపెనీ చేశారు, పది షేర్లకు ఒకటి లెక్కన నాకు 12 హోటల్ షేర్లు వచ్చాయి (ఆ హోటల్లో ఒక్క పూట భోజనం చేసింది లేదు, అది వేరే సంగతి). మార్చి ఆఖర్లో ఉత్తరాఖండ్‌లోని సెంచురీ కాగితం మిల్లును 3,500 కోట్లకు కొంటున్నామన్నారు. ఆ తర్వాత మన హైదరాబాద్‌లో పుట్టిన 24 మంత్ర ఆర్గానిక్‌ను కూడా కొన్నారు. పిండి, బిస్కెట్లు, నోటు పుస్తకాలు, అగరుబత్తీలు ఇవన్నీ కలిపే దాదాపు 22 వేల కోట్ల అమ్మకం. అయినా లాభంలో ముప్పాతికకు తక్కువ కాకుండా వచ్చేది ఇప్పటికీ సిగరెట్ల నుంచే. అంటే ఆశీర్వాద్ పిండి వెనకా, క్లాస్‌మేట్ పుస్తకం వెనకా ఉన్న పెట్టుబడిలో బ్యారన్ (పచ్చి ఆకును వేడితో ఆరబెట్టే కొట్టం) పొగ వాసన ఉంది. ఆకే కాదు, మన జిల్లాలో సుబాబుల్, జామాయిల్ వేసిన రైతుల కర్ర కూడా భద్రాచలం వైపు కాగితం మిల్లుకు లారీల్లో పోతుంది.

ఇక మా ఇంటి లెక్క.

2024లో ఆకు మంచి ధర పలికింది, సగటునే కిలో 280 దాటింది. అంతే, ఊరు ఊరంతా పూనకం వచ్చినట్టు వేశారు. బ్యారన్ కౌలు ఎంత చెబితే అంతకు తీసుకున్నారు, మానేసిన వాళ్లు కూడా మళ్లీ దిగారు. మా నాయనా దిగాడు, వద్దంటే వింటాడా. 2025 మార్చి మొదటి వారంలో నాకు మధ్యంతర డివిడెండు, అంటే ఏడాది ముగియకముందే లాభంలో ఇచ్చే వాటా, పడింది, షేరుకు ఆరున్నర, మొత్తం 780. ఆ మెసేజి వచ్చిన కొద్ది రోజులకే, మార్చి 10న, పొగాకు వేలం మొదలైంది. మేలు ఆకుకు కిలో 280 అని తెరిచారు. లో గ్రేడు దగ్గరికి వచ్చేసరికి కథ మారిపోయింది.

ఒకరోజు నాయనతో పాటు వేలం కేంద్రానికి పోయాను. పేరు చెప్పను, ఎందుకంటే ఆ తప్పు ఆ ఒక్క కేంద్రానిదీ కాదు, ఏ ఒక్క కంపెనీదీ కాదు. వరసగా బేళ్లు, అంటే గోతాం చుట్టి కట్టిన ఆకు మూటలు, పేర్చి ఉన్నాయి, కంపెనీల బయ్యర్లు నడుస్తూనే వంగి ఒక గుప్పెడు ఆకు లాగి, చూసి, వాసన చూసి, వదిలేసి ముందుకు పోతున్నారు. ఒక్కో బేలు దగ్గర నిలబడేది పది సెకన్లు ఉండదు. నారు పోసిన దగ్గర నుంచి ఆకు కొట్టి, కర్రలకు అల్లి, బ్యారన్ దగ్గర రాత్రుళ్లు నిద్ర లేకుండా మంట చూసి, మండెలు కట్టి, గ్రేడింగ్ చేసిన ఎనిమిది నెలల పనికి పది సెకన్లు. మా ఐదు బేళ్లలో రెండింటికి నో బిడ్, అంటే ఏ ఒక్కరూ ధర చెప్పలేదు. నాయన ఏమీ అనలేదు, లాగి పడేసిన ఆకును మళ్లీ బేల్లో దోపి గోతాం సరిచేశాడు. తెచ్చిన ట్రాక్టరులోనే తిరిగి ఇంటికి, బాడుగ రెండుసార్లు.

పొగాకు బోర్డు అదుపులో ఉన్న ఆకు పరిస్థితే ఇలా ఉంటే, బోర్డు వేలంలోకి రాని నల్ల బర్లీ రకం పొగాకు వేసిన వాళ్ల గోడు చెప్పక్కర్లేదు, చివరికి ప్రభుత్వమే తన మార్కెటింగ్ సంస్థ మార్క్‌ఫెడ్‌తో కొనిపించాల్సి వచ్చింది.

కంపెనీలు అవసరం లేని ఆకు ఎందుకు కొంటాయి అని అడిగేవాళ్లున్నారు. నిజమే, కొనవు. నా బాధ అది కాదు. ఒకే సరుకు మీద బతకడం ప్రమాదమని ఆ కంపెనీ ఎప్పుడో తెలుసుకుంది, ఒకటి పోతే ఇంకోటి ఉండేలా పది వ్యాపారాలు పెట్టుకుంది. అదే ప్రమాదంలో ఉన్న కొండపి, పొదిలి, కనిగిరి రైతుకు రెండో పంట చూపించిన నాథుడు లేడు. శనగ వేస్తే ధర ఉండదు, మిర్చికి నీళ్లుండవు, సుబాబుల్ వేస్తే కోతకు ఏళ్ల తరబడి ఆగాలి. ఎన్నికలు వచ్చినప్పుడు అందరూ ప్రత్యామ్నాయ పంటలు అంటారు. పంటకు కావాల్సిన కోల్డ్ స్టోరేజీ, కొనే మనిషి, బ్యాంకు అప్పు ఆ మాట వెంట రావు. పొగాకుకైతే బ్యారన్ చూపిస్తే అప్పు పుడుతుంది. అందుకే మళ్లీ పొగాకే.

జూలై ఆఖర్లో తుది డివిడెండు పడింది, షేరుకు 7.85, మొత్తం 942. నాయనకు చూపించాను. కాసేపు లెక్క కట్టి, ‘ఇద్దరు ఆడమనుషులకు ఒక రోజు కూలి’ అన్నాడు. తర్వాత అడిగాడు:

‘అబ్బాయ్, ఆ షేర్లు అమ్మాలంటే యాడికి తీసకపోవాల?’

‘యాడికీ అక్కర్లా నాయనా, పొద్దున తొమ్మిదింబావుకు మార్కెట్ తెరుస్తారు, ఫోన్లోనే అమ్మొచ్చు.’

‘నో బిడ్ ఉండదా?’

‘రేటు తగ్గుద్దేమో గానీ, ఎవరో ఒకరు కొంటారు.’

‘బాడుగ కూడా లేదన్నమాట’ అని లేచి, ఆ రెండు బేళ్ల మీద పట్ట సరిగ్గా ఉందో లేదో చూడటానికి పోయాడు.